కొలంబో కప్పు: నాలుగు దేశాల వంతు

దేశ విభజన జరిగి అయిదేండ్లు కావస్తున్న రోజులవి. 1952లో భారత, పాకిస్తాన్, బర్మా, సింహళ దేశాల ఫుట్‌బాల్ జట్లు కొలంబోలో కలుసుకొన్నవి. ఆ నగరం పేరిటనే ఆ పోటీకి కొలంబో కప్పు అని పేరు వచ్చినది.

నాలుగూ 1947, 1948 సంవత్సరాలలో తెల్లవారి ఏలుబడినుండి బయటపడిన దేశాలే. ప్రతి జట్టూ తక్కిన మూడింటితోనూ ఆడవలె. తొలిసారి భారత, పాకిస్తాన్ జట్ల ఆట ఒక్క గోలూ లేకుండ ముగిసినది. కప్పును ఇరువురూ పంచుకొన్నారు. ఆ యేడే హెల్సింకీ ఒలింపిక్సులో మన ఆటగాండ్రు చాలామంది వట్టికాళ్ళతో ఆడి, యుగోస్లావియా చేతిలో 10–1 గోల్సుతో ఓడినారు. ఆ కాలమున జట్టును తీర్చిదిద్దిన హైదరాబాదు వాసి సయ్యద్ అబ్దుల్ రహీం శ్రమ వృథా కాలేదు. 1953లో రంగూనులోను, 1954లో కలకత్తాలోను, 1955లో ఢాకాలోను కప్పు మనదే.

గెలుపుల లెక్క అటుంచుదము. పాకిస్తాన్ జట్టు కలకత్తా వచ్చినది. మన జట్టు ఢాకా వెళ్ళినది. రెండూ విభజన గాయం తగిలిన బంగాళ నగరాలే. నాలుగు దేశాలూ ఒక్కొక్కసారి ఆతిథ్యమిచ్చిన పిమ్మట పోటీ నిలిచిపోయినది.

నేడు సింహళం శ్రీలంక, బర్మా మయన్మార్, ఢాకా బంగ్లాదేశ్ రాజధాని. పేర్లు మారినవి గాని, ఇరుగుపొరుగు మారలేదు. పొరుగునేలపై ఇల్లు కట్టుకొన్న మనకు ఆ మర్యాద బాగా తెలిసినదే: ఈ పండుగకు మీ యింట, మరుసటి పండుగకు మా యింట.