ఇగ్బో వాక్యంలో స్వరస్థాయి: ఉచ్చారణా, వ్యాకరణమా?

నైజీరియా ఆగ్నేయ ప్రాంతంలో మాట్లాడే ఇగ్బో భాష గురించి రాసేవారు తరచుగా ‘అక్వా’ అనే మాటతో మొదలుపెడతారు. రెండు అక్షరాలనూ ఏ స్థాయిలో పలుకుతామన్నదాన్ని బట్టి అది ఏడుపు, బట్ట, గుడ్డు, మంచం అనే నాలుగు అర్థాలిస్తుంది. ఉదాహరణ నిజమే గాని, దానివల్ల ఒక అపోహ స్థిరపడింది. స్వరస్థాయి అంటే మాటకు మాటకు తేడా చూపే లక్షణమనీ, దాని చోటు నిఘంటువనీ అనిపిస్తుంది. ఇగ్బోలో స్థాయి చేసే పెద్ద పని వాక్యంలో ఉంది. తెలుగు ప్రత్యయంతో సాధించేదాన్ని ఆ భాష చాలా చోట్ల ఒక్క స్థాయి మార్పుతో సాధిస్తుంది. కాబట్టి దాన్ని ధ్వనిశాస్త్రానికి వదిలేసి రాసిన వాక్యనిర్మాణ వివరణ అసంపూర్ణమే.

ప్రశ్నను చూద్దాం. ఇగ్బో పదక్రమం కర్త, క్రియ, కర్మ. ‘ఓ రిరి న్రి’ అంటే ‘అతను భోజనం తిన్నాడు’. ‘రి’ ధాతువు, రెండో ‘రి’ భూతకాల ప్రత్యయం, ‘న్రి’ భోజనం. (తెలుగు లిపి స్థాయిని చూపలేదు గనుక వివరించక తప్పదు.) మొదటి ‘ఓ’ను ఉచ్చస్థాయిలో పలికితే నిశ్చయవాక్యం, నిమ్నస్థాయిలో పలికితే ‘తిన్నాడా?’ అనే ప్రశ్న. ప్రశ్న అడిగేటప్పుడు గొంతు మారడం అన్ని భాషల్లోనూ ఉన్నదే కదా, ఇందులో వ్యాకరణమేముందని ఆక్షేపించవచ్చు. కాని ఇక్కడ మార్పు వాక్యమంతటా పరుచుకునే రాగం కాదు. కర్తృస్థానంలోని సర్వనామానికే కట్టుబడి ఉంటుంది. అంతకన్నా బలమైన సాక్ష్యం, కర్త నామవాచకమైనప్పుడు దొరుకుతుంది. ‘అదా రిరి న్రి’ (అదా భోజనం తిన్నది) అనే వాక్యాన్ని ప్రశ్నగా మార్చాలంటే ‘అదా ఓ రిరి న్రి’ అనాలి. అర్థం దృష్ట్యా అక్కరలేని ఆ ‘ఓ’ నిమ్నస్థాయిని మోయడానికే వచ్చింది. ఉట్టి రాగానికి ఇలా ఒక ఆధారం వెతుక్కోవలసిన అవసరం ఉండదు, పదాంశానికి ఉంటుంది. మన ‘తిన్నాడా’లోని ‘ఆ’కు సాటి వచ్చేది ఈ నిమ్నస్థాయే.

విశేషణ వాక్యాల్లోనూ ఇదే తీరు. తెలుగులో ‘తిన్నాడు’, ‘తిన్న’ అనే రూపాలే వేరు. ఇగ్బోలో ‘మనిషి తిన్నాడు’, ‘తిన్న మనిషి’ రెండింటికీ అవే మాటలు, అదే క్రమం. క్రియ మీది స్థాయి మారుతుందంతే. షష్ఠీ సంబంధం విషయంలో మాత్రం వాదం కాస్త చిక్కుపడుతుంది. సొత్తు ముందు, సొంతదారు తరువాత వచ్చే నామద్వయంలో కొన్ని మాటల స్థాయి మారుతుంది, కొన్నిటిది మారదు. మారనిచోట స్థాయి వ్యాకరణాంశమని ఎలా అంటారన్నది సబబైన ప్రశ్న. తెలుగులో ‘ఇల్లు’ ‘ఇంటి’ అవుతుంది. ‘అమ్మ చీర’లో ‘అమ్మ’ మారదు. అంతమాత్రాన తెలుగులో ఔపవిభక్తికం లేదని ఎవరూ అనరు. మారే మాటలు ఒక వర్గంగా, ఊహించగల తీరులో మారితే చాలు. 1963లో గ్రీన్, ఇగ్వే ప్రచురించిన ఇగ్బో వర్ణనాత్మక వ్యాకరణం స్థాయిని నియమబద్ధంగానే గుర్తించింది. 1976లో భాషాశాస్త్రవేత్త జాన్ గోల్డ్‌స్మిత్ స్థాయిని అచ్చుల నుంచి విడదీసి వేరే శ్రేణిగా చూడాలని ప్రతిపాదించినప్పుడు, ఆయన పరిశీలించిన భాషల్లో ఇగ్బో కూడా ఉంది.

ఇగ్బోకు 1961లో ఓన్వూ సంఘం ఖరారు చేసిన లిపి విధానం ఈ దృష్టితో చూస్తే విచిత్రంగా ఉంటుంది. ఇగ్బో అచ్చులు ఎనిమిది, నాలుగేసి చొప్పున రెండు జట్లు. క్రియలోని అచ్చు ఏ జట్టుదో దాన్నిబట్టి సర్వనామం ‘ఓ’ రెండు రకాలుగా పలుకుతుంది. ఈ తేడాకు అర్థభేదం లేదు, క్రియను బట్టి ముందే ఊహించవచ్చు. అయినా అక్షరం కింద చుక్క పెట్టి చూపుతారు. నిశ్చయాన్ని ప్రశ్నగా మార్చే స్థాయిని మాత్రం రోజువారీ ముద్రణలో వదిలేస్తారు. ఆ భాషవారు ఇబ్బంది లేకుండానే చదువుకుంటున్నారన్నది దీనికి వచ్చే జవాబు. ప్రశ్నార్థక చిహ్నం ఉన్నచోట అది ఒప్పుకోదగినదే. విశేషణ వాక్యానికి అలాంటి చిహ్నమేదీ లేదు. ముందు వచ్చినది ప్రధానక్రియ కాదని పాఠకుడికి తెలిసేది సందర్భం వల్ల, లేదా తరువాతి క్రియ వచ్చాక. ప్రతి అక్షరం మీదా గుర్తు పెట్టాలనడం అతి. ప్రశ్నార్థక సర్వనామం మీదా, విశేషణ క్రియ మీదా పెడితే చాలు. పాఠ్యవ్యాకరణాలు రాసేవారు కనీసం ఆ రెండు చోట్లా పెట్టాలి.