హూ డియె: ఒక నటీమణి పలుకు



చీనాదేశపు చలనచిత్ర నటి హూ డియె చరిత్రమును నేడు మీకు విన్నవింప బూనితిని. బాలుర యుచ్చారణము దిద్దుచు ముదిసిన పంతులునకు నటీమణి గాథతో నేమి పనియని మీలో గొంద ఱనుకొనవచ్చును. ఆమె భాగ్యమునకు మూలము ఉచ్చారణమే యగుటచేత దీని నెన్నుకొంటిని.

ఆమె 1908లో షాంఘాయి నగరమున జన్మించెను. హూ యనునది యింటిపేరు. డియె యనగా సీతాకోకచిలుక. ఇది చిత్రములకై పెట్టుకొన్న పేరు. తండ్రి రైలుశాఖలో నుద్యోగి. ఆయనకు ఊరు మాఱినప్పుడెల్ల కుటుంబమును వెంట నడచెడిది. దక్షిణాదివారి యింట బుట్టిన యా పిల్ల ఉత్తరాది పట్టణములలో నాడుచు పాడుచు పెకింగు భాషను దేటగా నేర్చెను. చీనాలో వ్రాత యొక్కటియే గాని పలుకు లనేకములు. ఒకే యక్షరమును సీమ కొక తీరున జదువుదురు. కాంటను వాని మాట పెకింగు వానికి దెలియదు.

1924లో షాంఘాయిలోని చలనచిత్ర పాఠశాలలో జేరి, మఱుసటి యేటినుండి మూగచిత్రములలో నటింప జొచ్చెను. 1928 మొదలు 1931 వఱకు 18 భాగములుగా వెలువడిన 'ఎఱ్ఱతామర దేవళ దహనము' అను వీరగాథ యామెకు మిక్కిలి పేరు దెచ్చెను. మూగచిత్రమునకు ముఖమున్న జాలును. 1931లో 'హోంగ్ మూదాన్' అను గాయని కథ వెలసినది. సంభాషణలను గ్రామఫోను పళ్లెములపై నెక్కించి, బొమ్మతో గూడ ద్రిప్పి వినిపించిరి. చీనావారి తొలి టాకీ యదియే. బొంబాయిలో మన 'ఆలం ఆరా' వెలసినదియు నా యేటనే. పెకింగు పలుకు పట్టుపడని దక్షిణాది తారలు తడబడుచుండ, హూ డియె బాల్యమున రైలుపట్టణములలో నేర్చిన మాటతోనే నెగ్గుకొని వచ్చెను.

ఆ సంవత్సరముననే యామెకు గొప్ప యపనింద వాటిల్లెను. సెప్టెంబరు 18న జపాను సేనలు ముక్డెను పట్టణముపై బడినవి. చీనా సేనాపతి జాంగ్ షుయెలియాంగ్ ప్రతిఘటింపలేదు. ఆ రాత్రి యాయన హూ డియెతో నృత్యము సలుపుచుండెనని వదంతి పుట్టెను. నవంబరులో నొక పేరుమోసిన విద్వాంసుడు దానిని పద్యములలో బిగించి పత్రికలో బ్రకటించెను. ఛందస్సు కుదిరిన యబద్ధము నోటనుండి నోటికి నెంత వేగముగా బోవునో పిల్లలచే బద్యములు వల్లె వేయించిన మాబోంట్లకు దెలియును. నిజమునకు, చిత్రము తీయుటకై యామె బృందము ఉత్తరాదికి జేరు నప్పటికే ముక్డెను పడిపోయియుండెను. ఆ సేనానిని తానెన్నడును జూడలేదని యామె పత్రికలో బ్రకటన వేయించెను. తోడివారును సాక్ష్యము పలికిరి. అయినను బద్యమే జనుల నోట నిలిచినది. ఆ పండితుని యపరాధము క్షమింప దగినది కాదని నా తలంపు.

ప్రజలు మాత్ర మామెను విడువలేదు. 1933లో షాంఘాయి పత్రిక యొకటి యోట్లు గోరగా 21,334 ఓట్లతో 'చలనచిత్ర రాణి' యైనది. 1934లో 'కవల సోదరీమణులు' చిత్రమున బీదరాలగు నక్కయు, ధనికుని యింట జేరిన చెల్లెలును దానే యయ్యెను. 1935లో రంగస్థల నటుడు మేయ్ లాన్‌ఫాంగ్ ప్రయాణించిన యోడలోనే రష్యాకు బోయి, యటుపిమ్మట యూరపు నగరములు సందర్శించెను.

పిదప యుద్ధము వచ్చెను. హాంగ్‌కాంగు నాక్రమించిన జపానువారు తమ దేశమునకు వచ్చి చిత్రమున నటింపుమని కోరిరి. ఆమె యొప్పుకొనక, 1942లో రహస్యముగా నగరము వీడి చీనా లోనాడునకు బోయెను. యుద్ధానంతరము హాంగ్‌కాంగునకు మరల వచ్చినది. 1958లో భర్త గతించెను. ఏబది యేండ్ల ప్రాయమున దిరిగి ముఖమునకు రంగు వేసికొన్నది.

1960లో 'వెనుకవాకిలి' యను చిత్రమున, పరుల బిడ్డను బెంచుకొని తుదకు కన్నతల్లి కప్పగించు గొడ్రాలి పాత్రము ధరించెను. టోకియోలో జరిగిన ఆసియా చలనచిత్రోత్సవమున ఉత్తమ నటి బహుమాన మామెకే లభించినది. ఒకప్పుడు రమ్మన్నను బోనని తప్పించుకొన్న దేశమున నిది జరిగినది.

కొన్ని యేండ్లకు నటన విరమించి, 1975లో కెనడాలోని వాంకూవరు జేరి, భర్త యింటిపేరుతో నివసించుచు, 1989 ఏప్రిలులో నచటనే కాలధర్మము నొందెను.