సంవత్సరము కాదు, ఉంగరము

సూర్యగ్రహణములలో ఒక విధమును ఆంగ్లమున ‘యాన్యులర్’ అందురు. చంద్రుడు భూమికి దూరముగా నున్నపుడు సూర్యబింబమును పూర్తిగా కప్పజాలడు. చుట్టును వెలుగు అంచు కంకణమువలె మిగులును. కనుకనే తెలుగున దీనికి కంకణ గ్రహణమని పేరు.

‘యాన్యువల్’ అను మాటతో పొరపడి, ఇది ఏటేటా వచ్చు గ్రహణమని తలచుట కలదు. కాని మూలములు వేరు. లాటిన్ భాషలో ‘ఆనులుస్’ అనగా ఉంగరము. ‘అన్నుస్’ అనగా సంవత్సరము. మొదటిదానిలో తొలి అచ్చు దీర్ఘము, నకారము ఒక్కటే. రోమను లిపిలో సామాన్యముగా హ్రస్వదీర్ఘములకు వేరు గుర్తులు లేవు. తరువాతి కాలమున ఉంగరమునకును రెండు నకారములు వ్రాయుట అలవాటై, భేదము కంటికి మరుగుపడెను. తెలుగు లిపిలో వ్రాసినచో అది ఇప్పటికిని స్పష్టమే.

ఈ మాట జీవశాస్త్రమునను ప్రవేశించెను. 1758లో లిన్నేయస్ వానపాములను, జలగలను, నత్తలను ‘వెర్మెస్’ అను ఒకే తరగతిలో చేర్చెను. 1802లో ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లామార్క్, వలయములు పేర్చినట్లుండు దేహముగల పురుగులను వేరుచేసి ‘అన్నెలిడ్’ లని పేరు పెట్టెను. చిన్న ఉంగరమని అర్థమిచ్చు ‘ఆనెల్లుస్’ దానికి మూలము. ఆకాశమున గ్రహణమునకును, మట్టిలో వానపామునకును పేరిచ్చినది ఒకే ఉంగరము.