వెలుగు, మౌనం, సమష్టి నిర్ణయం: క్వేకర్ల విశ్వాసం, ఆచరణ

క్వేకర్లది పదిహేడో శతాబ్దం నడుమ ఇంగ్లండులో పుట్టిన క్రైస్తవ సమాజం. దాని అధికారిక నామం రెలిజియస్ సొసైటీ ఆఫ్ ఫ్రెండ్స్. ఇవాళ ప్రపంచం మొత్తం మీద క్వేకర్లు దాదాపు నాలుగు లక్షలు. దేశాలవారీగా చూస్తే కెన్యాలో ఎక్కువ మంది ఉన్నారు. ఇంత చిన్న సమాజానికి బానిసత్వ నిర్మూలన, జైళ్ల సంస్కరణ, స్త్రీల హక్కులు, యుద్ధ బాధితుల సేవ వంటి ఉద్యమాల చరిత్రలో పెద్ద చోటే ఉంది. అయినా వీరి మతం ఏమిటో బయటివారికి రెండు మాటల్లో చెప్పడం కష్టం. సభ్యులందరూ ఒప్పుకొని తీరవలసిన విశ్వాస ప్రమాణం లేదు. తొలినాటి సంప్రదాయంలో పాస్టరు లేడు, బాప్తిస్మం లేదు, ప్రభురాత్రి భోజన సంస్కారమూ లేదు. వీరి సిద్ధాంతమంతా వీరి పద్ధతుల్లో ఇమిడి ఉంది. ఎలా కూడుకుంటారు, ఎలా మాట్లాడతారు, అన్నిటికీ మించి ఎలా కలిసి నిర్ణయిస్తారు అనేవి గమనిస్తే అది బోధపడుతుంది.

ఈ సమాజం అంతర్యుద్ధ కాలంలో రూపుదిద్దుకుంది. 1649లో రాజు మొదటి చార్లెస్ తల తెగింది. అధికార చర్చి పట్టు సడలింది. తమ పంటలో పదో వంతు చర్చికి ఎందుకు కట్టాలని పల్లె జనం అడగసాగారు. ఏ చర్చిలోనూ మనసు కుదురుకోని వారు చిన్న చిన్న గుంపులుగా కూడి ఎదురుచూస్తుండేవారు. అటువంటి కాలంలో లీస్టర్‌షైర్‌లోని ఫెన్నీ డ్రేటన్‌లో 1624లో పుట్టిన జార్జ్ ఫాక్స్ ఇల్లు విడిచి ఊరూరా తిరగసాగాడు. తండ్రి నేతపనివాడు, ఫాక్స్ చెప్పులు కుట్టే వాని దగ్గర పని నేర్చినవాడు. బోధకులను, పండితులను ఎంతమందిని అడిగినా ఊరట దొరకలేదు. క్రీస్తు మధ్యవర్తి అవసరం లేకుండా మనిషితో నేరుగా మాట్లాడగలడన్న అనుభవం అతనికి 1647 ప్రాంతంలో కలిగింది. 1652లో వాయవ్య ఇంగ్లండులోని ఫర్‌బ్యాంక్ ఫెల్ కొండ మీద పెద్ద జనసమూహానికి అతను చేసిన బోధతో విడి గుంపులు ఒక ఉద్యమంగా కలిశాయి. అదే ఏడు స్వార్త్‌మూర్ హాల్ ఇల్లాలు మార్గరెట్ ఫెల్ ఫాక్స్ బోధను స్వీకరించింది. ఆ ఇల్లే ఉద్యమానికి కేంద్రమైంది. ‘క్వేకర్’ అంటే వణికేవాడు. 1650లో డెర్బీలో ఫాక్స్‌ను విచారించిన న్యాయాధికారి ఎగతాళిగా అన్న ఆ మాటే జనంలో నిలిచిపోయింది.

వీరి మూల విశ్వాసం ఒక్కటే: ప్రతి మనిషిలోనూ దైవపు వెలుగు ఉంది, దాన్ని అందుకోవడానికి పుట్టుక, చదువు, దీక్ష ఏవీ అడ్డు కావు, అర్హతలూ కావు. యోహాను సువార్త మొదటి అధ్యాయంలో ప్రతి మనిషినీ వెలిగించే వెలుగును గురించి ఉన్న వాక్యాన్ని వీరు ఇందుకు ఆధారంగా చూపుతారు. ఈ వెలుగు మనస్సాక్షికి మారుపేరు కాదని రాబర్ట్ బార్క్లే తన ‘అపాలజీ’లో వివరించాడు. 1676లో లాటిన్‌లో, 1678లో ఇంగ్లీషులో వెలువడిన ఆ గ్రంథం క్వేకర్ తత్వానికి తొలి క్రమబద్ధ రచన. మనస్సాక్షి లాంతరు వంటిదైతే దైవపు వెలుగు అందులో పెట్టిన దీపం. పెంపకం వల్లా అలవాట్ల వల్లా లాంతరు మసిబారవచ్చు. బైబిలు విషయంలోనూ అతని వాదం సూటిగా ఉంటుంది. లేఖనాలు పవిత్రమైనవే, కానీ వాటిని పలికించిన ఆత్మ వాటికంటే ముందుది.

ఈ ఒక్క నమ్మకం నుంచే మిగతా ఆచారాలన్నీ పుట్టుకొచ్చాయి. వెలుగు అందరికీ అందేదైనప్పుడు ప్రత్యేకంగా పురోహిత వర్గం అక్కరలేదు. ఒక రోజు మరో రోజు కంటే, ఒక కట్టడం మరో కట్టడం కంటే పవిత్రం కాదు. స్త్రీ బోధించకూడదనడానికి కారణం కనిపించదు. స్త్రీల బోధను లేఖనాల ఆధారంగా సమర్థిస్తూ మార్గరెట్ ఫెల్ 1666లో జైలు నుంచే పుస్తకం వెలువరించింది. దొరల ముందు టోపీ తీయకపోవడం, పెద్దవాళ్లనూ ఏకవచనంతోనే పిలవడం కూడా ఈ నమ్మకం ఫలితాలే. గౌరవ వాచకాల మీద నడిచే ఆ సమాజంలో ఇది పెద్ద ధిక్కారం. కోర్టులో ప్రమాణం చేయడానికి నిరాకరించడం మరింత కష్టాలు తెచ్చింది. ప్రమాణం చేయవద్దని మత్తయి సువార్తలో ఏసు చెప్పాడు. పైగా ప్రమాణం చేసినప్పుడే నిజం చెబుతామంటే మిగతా వేళల్లో అబద్ధమాడవచ్చని ఒప్పుకున్నట్టే. ప్రమాణం చేయని వారిని జైల్లో పెట్టడానికి అధికారులకు వేరే నేరం వెతికే పని లేకపోయింది.

1662, 1664 చట్టాలు వీరి కూటాలను నేరంగా మార్చాయి. వేల మంది జైలు పాలయ్యారు, వందల మంది జైళ్లలోనే చనిపోయారు. అట్లాంటిక్ అవతల బోస్టన్‌లో 1659–61 మధ్య నలుగురిని ఉరితీశారు. వారిలో మేరీ డయర్ అనే స్త్రీ ఉంది. 1670లో లండన్ వీధిలో బోధించినందుకు విలియం పెన్, విలియం మీడ్‌లపై విచారణ జరిగినప్పుడు జ్యూరీ వారిని దోషులనడానికి ఒప్పుకోలేదు. జ్యూరీ సభ్యులకే జరిమానా పడింది. దానిపై ఆ సభ్యుల్లో ఒకడైన ఎడ్వర్డ్ బుషెల్ సాగించిన వ్యాజ్యంలో, తీర్పు ఇచ్చినందుకు జ్యూరీని శిక్షించకూడదన్న సూత్రం స్థిరపడింది. ఇంగ్లీషు న్యాయవ్యవస్థకు దక్కిన ఈ రక్షణ వెనుక క్వేకర్ల మొండితనం ఉంది. పెన్ 1681లో రాజు నుంచి పట్టా పొంది పెన్సిల్వేనియా వలస రాజ్యాన్ని స్థాపించాడు.

బయటి హింస కంటే లోపలి ప్రశ్న మరింత లోతైనది. అందరిలోనూ వెలుగు ఉంటే, ఒకరి మాట వెలుగు నుంచి వచ్చిందో అహంకారం నుంచి వచ్చిందో తేల్చేదెవరు? 1656లో జేమ్స్ నేలర్ ఉదంతం ఈ ప్రశ్నను నడివీధిలో నిలబెట్టింది. ఫాక్స్‌తో సమానమైన పేరున్న ఆ బోధకుడు, ఏసు యెరూషలేము ప్రవేశాన్ని తలపించేలా అనుచరుల స్తోత్రాల నడుమ గుర్రమెక్కి బ్రిస్టల్ నగరంలోకి వచ్చాడు. పార్లమెంటు దాన్ని దైవదూషణగా తేల్చి, నాలుకకు తూటు పొడిపించి, నుదుట వాత వేయించి, జైలుకు పంపింది. ఆ దెబ్బ తర్వాత, 1660ల చివర్లో, ఫాక్స్ ఊరూరా తిరిగి మాస కూటాల వ్యవస్థను నెలకొల్పాడు. వ్యక్తికి అందిన ప్రేరణను కూటం కలిసి పరీక్షించాలన్నది అప్పటి నుంచి స్థిరపడిన నియమం. స్థానిక మాస కూటం, దానిపై త్రైమాసిక కూటం, అన్నిటికీ పైన వార్షిక కూటం అన్న అంచెలు అలా ఏర్పడ్డాయి.

ఆదివారం ఆరాధన కూటం చూడటానికి చాలా సాదాగా ఉంటుంది. గదిలో కుర్చీలు ఎదురెదురుగానో చుట్టూనో వేసి ఉంటాయి. బలిపీఠం, శిలువ, వేదిక ఉండవు. వచ్చినవారు వచ్చినట్టు కూర్చుని మౌనంలోకి వెళతారు. మాట్లాడి తీరాలన్న ప్రేరణ కలిగినవారు, స్త్రీ అయినా పురుషుడైనా, కొత్తగా వచ్చినవారైనా, లేచి నాలుగు మాటలు చెప్పి కూర్చుంటారు. ఆ మాటకు ఎవరూ వెంటనే బదులివ్వరు, వాదించరు, మళ్లీ మౌనం. ఒక్క మాటా లేకుండా గంట గడిచిపోవడమూ ఉంటుంది. చివర ఇద్దరు పెద్దలు చేతులు కలపడంతో కూటం ముగుస్తుంది. ఒంటరి ధ్యానానికీ దీనికీ తేడా ఉంది: ఇక్కడ ఎదురుచూసేది కూటమంతా కలిసి.

నిర్ణయాలు చేసే వ్యవహార కూటం కూడా ఆరాధనే. అక్కడ ఓట్లు ఉండవు. అధ్యక్షుడి చోట క్లర్క్ ఉంటాడు. అతని పని తన అభిప్రాయం నెగ్గించుకోవడం కాదు, కూటం మనసు ఎటు కుదురుతోందో గమనించడం. ఒకరు మాట్లాడాక కొంత నిశ్శబ్దం ఉంటుంది. క్లర్క్ అక్కడికక్కడే తీర్మానం రాసి చదువుతాడు. కూటం సరేనంటేనే అది నిలుస్తుంది. ఒప్పుకోలేనివారు అభ్యంతరం నమోదు చేసి పక్కకు తప్పుకోవచ్చు. మనసులు కలవకపోతే విషయం వాయిదా పడుతుంది. మెజారిటీ గెలుపునూ, అందరి మధ్య బేరసారాల రాజీనీ రెండింటినీ వీరు తప్పించదలచారు.

ఈ పద్ధతి బలమూ బలహీనతా రెండూ బానిసత్వం విషయంలో బయటపడ్డాయి. 1688లో పెన్సిల్వేనియాలోని జర్మన్‌టౌన్‌లో ఫ్రాన్సిస్ డేనియల్ పాస్టోరియస్‌తో కలిపి నలుగురు బానిసత్వాన్ని ఖండిస్తూ విన్నపం రాశారు. అది మాస కూటం నుంచి త్రైమాసిక కూటానికి, అక్కడి నుంచి వార్షిక కూటానికి వెళ్లింది. విషయం మరీ బరువైనదంటూ ఏ కూటమూ తేల్చలేదు. పెన్‌తో సహా సంపన్న క్వేకర్లు చాలామందికి బానిసలుండేవారు. 1738లో బెంజమిన్ లే అనే క్వేకరు, పుస్తకంలా కనిపించే డొల్లలో ఎర్రని పండ్ల రసం నింపిన తిత్తి దాచి తెచ్చి, నిండు కూటంలో కత్తితో పొడిచి బానిస యజమానుల మీద చిమ్మాడు. ఆ యజమానులున్న కూటం అతన్నే బయటికి నెట్టింది. న్యూజెర్సీకి చెందిన జాన్ వూల్మన్ దారి వేరు. అతను యజమానుల ఇళ్లకు వెళ్లి, ఎదురుగా కూర్చుని, మెత్తగా, విడవకుండా మాట్లాడేవాడు. ఆతిథ్యంలో బానిసల సేవ అందుకుంటే వారికి డబ్బు ఇచ్చేవాడు. ఫిలడెల్ఫియా వార్షిక కూటం 1758లో బానిసలను కొని అమ్మే సభ్యులను వ్యవహార కూటాలకు దూరం పెట్టింది. 1776లో బానిసలను విడుదల చేయనివారిని సమాజం నుంచి తొలగించాలని నిర్ణయించింది. తొలి విన్నపం నుంచి అక్కడికి 88 ఏళ్లు పట్టింది. ఒకసారి కుదిరాక ఆ నిర్ణయం చీలిక లేకుండా నిలిచింది, నిజమే. కానీ సమాజం ఏకాభిప్రాయం కోసం ఆగిన ఆ ఏళ్ల మూల్యాన్ని చెల్లించినది కూటంలో గొంతు లేని బానిసలే. ఈ పద్ధతిని మెచ్చుకునే రచనలు ఈ సంగతిని తరచు తేలిగ్గా దాటేస్తాయి. ఆ తర్వాత మాత్రం క్వేకర్లు వెనుదిరగలేదు: 1787లో లండన్‌లో బానిస వ్యాపార నిర్మూలన సంఘాన్ని స్థాపించిన 12 మందిలో 9 మంది వారే.

రోజువారీ జీవితంలో విశ్వాసం కనబడే తీరును వీరు ‘సాక్ష్యం’ అంటారు: శాంతి, సమానత్వం, నిరాడంబరత, సత్యం. శాంతి సాక్ష్యానికి మూలం 1661లో రెండో చార్లెస్‌కు సమర్పించిన ప్రకటన. ఏ కారణంతోనూ ఆయుధం పట్టబోమని అందులో చెప్పారు. మొదటి ప్రపంచ యుద్ధంలో ఆయుధాలకు బదులు అంబులెన్సులు నడిపినవారున్నారు, సైన్యంలో చేరినవారూ ఉన్నారు. యుద్ధ బాధితులకు చేసిన సేవకు 1947లో బ్రిటన్, అమెరికాలలోని క్వేకర్ సేవా సంస్థలకు నోబెల్ శాంతి బహుమతి వచ్చింది. సత్యం అంగడికీ వర్తించింది: బేరాలు లేని ఒకే ధర పెట్టడంతో ఖాతాదారులకు నమ్మకం కుదిరింది. మత పరీక్షల వల్ల విశ్వవిద్యాలయాల తలుపులు మూసుకుపోయిన ఈ కుటుంబాలు వ్యాపారంలోకి వెళ్లాయి. బార్క్లేస్, లాయిడ్స్ బ్యాంకులు, క్యాడ్‌బరీ, రౌన్‌ట్రీ చాక్లెట్ సంస్థలు అలా వచ్చినవే. పెళ్లిలో పురోహితుడు ఉండడు. వధూవరులు కూటం ముందు నిలబడి ఒకరికొకరు మాట ఇచ్చుకుంటారు, హాజరైన వారంతా పత్రం మీద సాక్షులుగా సంతకాలు చేస్తారు.

భారతదేశానికి ఈ సమాజం 1866లో రేచల్ మెట్‌కాఫ్‌తో వచ్చింది. తర్వాత మధ్య భారతంలోని హోషంగాబాద్ ప్రాంతం కేంద్రమైంది. గాంధీకి సన్నిహితులైన హొరేస్ అలెగ్జాండర్, అగాథా హారిసన్, మద్రాసులో ఉపాధ్యాయినిగా మొదలై శాంతినికేతన్‌లో, సేవాగ్రామ్‌లో పనిచేసిన మార్జరీ సైక్స్ క్వేకర్లే. 1972లో హోషంగాబాద్ జిల్లాలో 16 పాఠశాలల్లో మొదలైన ప్రయోగాత్మక విజ్ఞాన బోధన కార్యక్రమంలో రసూలియాలోని ఫ్రెండ్స్ రూరల్ సెంటర్ భాగస్వామిగా ఉండేది.

ప్రపంచంలోని క్వేకర్లందరూ ఒకే తీరున లేరు. 1827లో అమెరికాలో లోపలి వెలుగుకు ప్రాధాన్యమిచ్చిన ఎలియాస్ హిక్స్ అనుచరులు, బైబిలు, క్రీస్తు బలియాగాలకు ప్రాధాన్యమిచ్చిన వర్గం విడిపోయారు. రెండో ధోరణి నుంచి పాస్టర్లు, పాటలు, ప్రసంగాలు ఉన్న క్వేకర్ చర్చిలు పెరిగాయి. 1902లో అమెరికన్ మిషనరీలు కెన్యాలోని కైమోసీకి తీసుకెళ్లింది ఈ రూపాన్నే. అందువల్ల నేటి క్వేకర్లలో ఎక్కువమంది మౌన కూటాలకు వెళ్లరు. మరోవైపు బ్రిటన్‌లో దేవుణ్ణి నమ్మని సభ్యులూ ఉన్నారు. వార్షిక కూటానికి పైన ఆజ్ఞాపించే అధికారం ఎవరికీ లేదు. 1937లో ఏర్పడిన ప్రపంచ సంప్రదింపుల సమితి సంప్రదింపులు మాత్రమే నడుపుతుంది. 2009లో బ్రిటన్ వార్షిక కూటం స్వలింగ వివాహాలను తక్కిన వివాహాలతో సమానంగా జరపాలని ఓటు లేకుండానే నిర్ణయించింది. ఆఫ్రికా క్వేకర్లలో అత్యధికులు దీన్ని అంగీకరించరు. ఇటువంటి విషయాలపైనే మనసులు కలవక, 1697 నుంచి నడిచిన నార్త్ కరోలినా వార్షిక కూటం 2017లో రద్దయింది.