రూవి కోట, సీబు ఒడంబడిక

ఒమను రాజధాని మస్కటులోని రూవి హై స్ట్రీటులో సరకులు కొని, బస్సు స్టేషను దాటి, నల్లని రాతికొండల నడుమ లేచిన బ్యాంకు భవనముల నీడన నడచిపోవు తెలుగువారిలో, ఆ సమీపముననే తెల్లని గోడలతో, గుండ్రని బురుజులతో నిలిచియున్న చిన్న కోటవైపు తల త్రిప్పి చూచువారు మిక్కిలి అరుదు. దాని పేరు బైత్ అల్ ఫలజ్. ఫలజ్ అనగా కొండల అడుగున ఊరు నీటిని పొలములకు చేర్చు కాలువ; పంచుట, పాళ్లు వేయుట అను అర్థముగల ధాతువునుండి ఆ మాట పుట్టినది. నీటిని వంతులవారీగా పంచుకొనుట ఇంత బాగుగా నేర్చిన దేశము, నేల విషయమున ఎంత నెత్తురు చిందించెనో చెప్పుటకే ఈ వ్యాసము.

ఒమనులోని ఇబాదీ ముస్లిములకు, ఇమామును వారసత్వముచేతగాక పండితులును తెగల పెద్దలును కూడి ఎన్నుకొను ఆచారము బహుకాలముగా కలదు. మస్కటు సుల్తానుల అధికారము మాత్రము రేవుల సుంకముమీదను, ఆంగ్లేయుల నావికాబలముమీదను ఆధారపడి తీరమునే అంటిపెట్టుకొని యుండెను. 1913లో తనూఫ్ గ్రామమున కూడిన పెద్దలు సాలిం బిన్ రాషిద్ అల్ ఖరూసీని ఇమాముగా ఎన్నుకొనగా, కొండసీమ సుల్తాను చేయి దాటిపోయెను. 1915 జనవరిలో ఇమాము సేనలు మస్కటును గెలువ నుద్యమించి రూవి లోయలోనికి దిగినపుడు వారికి ప్రధానముగా అడ్డునిలిచినవారు హిందూదేశమునుండి వచ్చిన సుమారు ఏడువందల సిపాయిలు. వారి రెండు దళములలో ఒకటి 95వ రసెల్ పదాతిదళము. హైదరాబాదు రెసిడెంటు హెన్రీ రసెల్ 1813లో నిజాము సొమ్ముతో నెలకొల్పిన పటాలమే అది. ఆ దళము చేరిన హైదరాబాదు కంటింజెంటు పోషణవ్యయమునకే 1853లో నిజాము తన బేరారు సీమను కుంపిణీకి అప్పగింపవలసివచ్చెను. ఒక ప్రభువునకు సీమను పోగొట్టిన సేన, అరువదేండ్ల పిమ్మట సముద్రము దాటి, మరియొక ప్రభువునకు రాజధానిని దక్కించెనన్నమాట!

రాజధాని దక్కినదే కాని దేశము దక్కలేదు. ఖరూసీ హతుడై, ముహమ్మద్ బిన్ అబ్దుల్లా అల్ ఖలీలీ ఇమామైన పిమ్మట, 1920 సెప్టెంబరు 25వ తేదీన మస్కటునకు పడమటనున్న సీబు పట్టణమున ఒడంబడిక కుదిరెను. మధ్యవర్తి బ్రిటిషు ప్రతినిధి రొనాల్డ్ వింగేట్. కొండసీమ సరకులపై నూటికి ఐదుకు మించి సుంకము కూడదు. అచటివారు తీరపట్టణములలో నిర్భయముగా తిరుగవచ్చును. సుల్తాను వారి ఆంతరంగిక వ్యవహారములలో జోక్యము చేసికొనరాదు. వారును తీరముపై దండెత్తరాదు. ఆ పత్రము ఎంత జాగ్రత్తగా వ్రాయబడినదనగా, సార్వభౌముడెవరు అను ప్రశ్న జోలికి అది పోనే పోలేదు. ఏ కొండతో ఎవరి హద్దు ముగియునో చెప్పలేదు. ఆ మౌనమువలననే మూడు దశాబ్దములకు పైగా శాంతి నిలిచినది. ఆ మౌనమువలననే తుదకు అది భగ్నమైనది.

ఎట్లనగా, ఫహూద్ అను ఎడారితావున చమురుండునని భూగర్భశాస్త్రజ్ఞులు ఊహించిరి. త్రవ్వుకొనుటకు అనుమతి యిచ్చినవాడు సుల్తాను సయీద్ బిన్ తైమూర్. ఆ నేల తనదని ఇమాము పక్షము వాదము. 1954లో ఖలీలీ మరణించి గాలిబ్ బిన్ అలీ ఇమామాయెను. ఆ యేడే, చమురు కంపెనీ ధనముతో పోషింపబడిన సేన ఇబ్రీని ఆక్రమించెను. 1955 డిసెంబరులో ఇమాము పీఠమైన నిజ్వా పడిపోయెను. 1957లో గాలిబు తమ్ముడు తాలిబ్ తిరుగుబాటు లేవదీయగా, బ్రిటిషు విమానములు బాంబులు కురిపించెను. ఇమామును ఎన్నుకొన్న తనూఫే ఆ బాంబులకు నేలమట్టమయ్యెను. పైకప్పులు లేని దాని మట్టిగోడలు నేటికిని కొండ అడుగున నిలిచియున్నవి. 1959 జనవరిలో బ్రిటిషు ప్రత్యేకదళము జబల్ అఖ్దర్ శిఖరసీమ నెక్కుటతో యుద్ధము ముగిసెను. ఇమాము సౌదీ అరేబియాకు తరలిపోయెను. ఇంతకును ఫహూదులో త్రవ్విన తొలి బావిలో చమురు పడలేదు! 1965లో ఐక్యరాజ్యసమితి సర్వప్రతినిధిసభ ఒమను ప్రజల స్వయంనిర్ణయహక్కును గుర్తించుచు తీర్మానించెను గాని, అప్పటికే నిజ్వాలో సుల్తాను అధికారము స్థిరపడియుండెను.

హద్దు తెగని ఒడంబడికల కథ ఒమనుతోనే ముగియదు. సీబు ఒడంబడిక కుదిరిన 1920లోనే, ఆగస్టు 10వ తేదీన, తురుష్క సామ్రాజ్యముతో జరిగిన సేవ్ర్ సంధిలో కుర్దులకు స్వపరిపాలన వాగ్దానము చేయబడెను. దాని స్థానమున వచ్చిన 1923 నాటి లొసాన్ సంధిలో దాని ఊసే లేదు. 1970 మార్చిలో బాగ్దాదు ప్రభుత్వమును కుర్దు నాయకుడు ముల్లా ముస్తఫా బర్జానీయును స్వయంప్రతిపత్తికి ఒప్పుకొనిరి. కాని చమురుబావులుగల కిర్కుక్ ఎవరిదను వివాదము తెగక 1974లో మరల యుద్ధము వచ్చెను. 2005 ఇరాకు రాజ్యాంగపు 140వ అధికరణము 2007 ముగియులోగా అచట జనగణనయు, ప్రజాభిప్రాయసేకరణయు జరుపవలెనని విధించినను అది జరుగలేదు. వ్రాతలో నున్నది అమలు కానిచో ఏమగునో, 1956 నాటి పెద్దమనుషుల ఒప్పందము గతి చూచిన తెలుగువారికి వేరుగ చెప్పనక్కరలేదు. తుదకు 2017లో కుర్దులు తామే ప్రజాభిప్రాయసేకరణ జరిపి, ఓటు వేసినవారిలో నూటికి తొంబదిమందికి పైగా స్వాతంత్ర్యమును కోరిరి. మూడువారములు తిరుగగానే ఇరాకు సైన్యము కిర్కుకును పట్టుకొనెను. ఆ ఓటు పడిన దినము సెప్టెంబరు 25, సీబు ఒడంబడిక కుదిరిన తేదీయే.

నా దృష్టిలో సీబునందు తప్పు చేసినవారు కొండవారు కారు, సుల్తానును కారు. హద్దు వ్రాయకుండ సంధి వ్రాయవచ్చునని వారిని నమ్మించిన మధ్యవర్తులు.

బైత్ అల్ ఫలజ్ 1988 నుండి సుల్తాను సాయుధదళముల ప్రదర్శనశాలగా నున్నది. రూవిలో బ్రతుకుచున్న తెలుగు సోదరులు ఒక సెలవుదినమున పిల్లలను వెంటబెట్టుకొని పోయి దానిని చూడవలెను. హైదరాబాదు నిజాము సొమ్ముతో నెలకొన్న పటాలపు సిపాయిలు ఆ లోయలోనే పోరాడిరని వారికి చెప్పవలెను.