ఇగ్బో-ఉక్వు కంచు, థర్‌స్టన్ షా పట్టుదల

రెండో ప్రపంచ యుద్ధానికి కాస్త ముందు, నైజీరియాలోని ఇగ్బో-ఉక్వులో ఐజయా అనోజీ అనే ఆయన నీటితొట్టి కోసం ఇంటి దగ్గర గొయ్యి తవ్వుతుంటే కంచు సామాను బయటపడింది. అది ఏ కాలం నాటిదో తేల్చడానికి శాస్త్రీయమైన తవ్వకం జరిగేసరికి ఇరవై ఏళ్లు గడిచిపోయాయి. ఆ పని చేసినవారు థర్‌స్టన్ షా.

1914లో ప్లిమత్‌లో పుట్టిన షా కేంబ్రిడ్జిలో చదువుకుని, 1937లో గోల్డ్ కోస్ట్‌లోని, అంటే నేటి ఘనాలోని, అచిమోటా కాలేజీలో చేరారు. పాఠాలు చెబుతూ, మ్యూజియం చూసుకుంటూ, తీరిక దొరికితే తవ్వకాలు సాగించేవారు. 1945లో ఇంగ్లండ్ తిరిగి వెళ్లినా ఆఫ్రికా ఆయన్ని వదల్లేదు. 1959లో ఇగ్బో-ఉక్వులో తవ్వకం కోసం నైజీరియా పురావస్తు శాఖ నుంచి పిలుపు వచ్చింది.

ఇగ్బో-ఉక్వులో దొరికిన ఒక కుండ చూడండి. కుండ, దాని కింది పీట, చుట్టూ అల్లిన తాళ్ల వల, ఆ వలలోని ప్రతి ముడీ లోహమే. మైనం లాంటి పదార్థంతో నమూనా చేసి, మట్టి పూసి, కరిగించి, ఆ ఖాళీలో లోహం పోసే విద్య అది. మరోచోట పీట మీద కూర్చోబెట్టి సమాధి చేసిన ఒక పెద్దమనిషి, పక్కన ఏనుగు దంతాలు. మొత్తం తవ్వకంలో పూసలే లక్షా అరవై వేలకు పైగా దొరికాయి.

కార్బన్ పరీక్షలు 9వ శతాబ్దాన్ని సూచించాయి. అంత పాతవా అని తోటి పండితులే శంకించారు. షా తగ్గలేదు, 1975లో ఒక్కో అభ్యంతరానికీ జవాబు రాశారు. ఆ తర్వాతి లోహ పరీక్షలు కూడా రాగి దూరదేశాల నుంచి రానక్కర్లేదని, నైజీరియాలోనే ఉన్న అబకాలికి ప్రాంతపు ఖనిజమే చాలునని చూపాయి.

అయితే నా దృష్టిలో ఆయన అసలు కృషి ఇబాదాన్ విశ్వవిద్యాలయంలో జరిగింది. 1963 నుంచి 1974 దాకా అక్కడ ప్రొఫెసర్‌గా ఉండి పురావస్తు శాఖను నిలబెట్టారు, పశ్చిమాఫ్రికా పరిశోధకుల కోసం పత్రిక నడిపారు, ఇవో ఎలేరు గుహలో పదకొండు వేల ఏళ్ల నాటి మానవ అస్థిపంజరాన్ని వెలికితీశారు. తవ్వినవాడు వెళ్లిపోయినా తవ్వకం ఆగకుండా చూసుకోవడం అందరూ చేసే పని కాదు.

షా 2013లో, 98వ ఏట కన్నుమూశారు. ఆఫ్రికా చరిత్ర యూరప్ ఓడలతోనే మొదలైందని ఎవరైనా అంటే ఇగ్బో-ఉక్వు పేరు చెప్పండి. పోర్చుగీసువారు పశ్చిమాఫ్రికా తీరానికి చేరింది 15వ శతాబ్దంలో.