అరకు: కొండ కింది చూపు, కొండ మీది భూమి

శీతాకాలంలో రెండు రోజులు సెలవు దొరికితే విశాఖ జనం చూపు అరకు మీదే. శృంగవరపుకోట దాటాక ఘాట్‌ రోడ్డెక్కే కార్ల వరస అనంతగిరి, గాలికొండ దాకా తెగదు. కిరండూల్‌ రైలుకు 2017లో తగిలించిన అద్దాల పెట్టెలో సీటు కోసం ఇప్పటికీ పోటీయే. ఊళ్లో దిగితే బొంగు చికెన్‌ కాల్చే నిప్పులు, కాఫీ షాపులు, రిసార్టుల బోర్డులు. సముద్ర మట్టానికి 900 మీటర్లకు పైగా ఎత్తున్న ఈ లోయ మీద ఇంత మోజు పుట్టి ఎన్నో తరాలు కాలేదు. అంతకుముందు కొండెక్కిన ప్రతివాడూ ఏదో ఒకటి పట్టుకుపోదామనే వచ్చాడు. వాళ్లకు దక్కకుండా నిలిచింది ఏమిటన్నదే అరకు చరిత్రలో నాకు అన్నిటికన్నా ముఖ్యంగా తోస్తుంది.

1839 చట్టంతో బ్రిటిష్‌ ప్రభుత్వం గంజాం, విశాఖపట్నం జిల్లాల కొండ ప్రాంతాలను మామూలు కోర్టుల పరిధి నుంచి తప్పించి, కలెక్టరును ఏజెంటుగా పెట్టి పాలించింది. మన్యానికి బదిలీ అంటే పల్లపు ఉద్యోగులకు మలేరియా భయం. షావుకార్లకు మాత్రం ఆ భయం లేకపోయింది. ఉప్పు, బట్ట అరువిచ్చి, ఆ బాకీ కింద చింతపండు, పసుపు, ఆఖరికి పొలం కూడా రాయించుకునేవారు. రెండో ప్రపంచ యుద్ధ కాలంలో, 1942లో, సైనికులకు కూరగాయలు పండించడానికి పద్మాపురం తోట వేశారు. ఇవాళ పిల్లలు బొమ్మ రైలెక్కి తిరిగేది ఆ తోటలోనే.

రైలుదీ అలాంటి కథే. బైలదిల్లా ఇనుప ఖనిజం జపాన్‌కు కావాలి, అది విశాఖ రేవుకు చేరాలి. అందుకని 1960లలో కొత్తవలస నుంచి కిరండూల్‌ దాకా కొండలు తొలిచి, యాభైకి పైగా సొరంగాలతో లైను వేశారు. 996 మీటర్ల ఎత్తున్న శిమిలిగుడ, దేశంలో అతి ఎత్తయిన బ్రాడ్‌గేజ్‌ స్టేషన్‌గా చాలాకాలం పేరు మోసింది. ఖనిజం కోసం వేసిన పట్టాల మీదే పర్యాటకులూ వచ్చారు. బొర్రా గుహలు, చాపరాయి జలపాతం పిక్నిక్‌ చోట్లయ్యాయి.

ఇంత రాకపోకల మధ్య కూడా అరకు మరో ఊటీ కాలేదు. బగత, వాల్మీకి, కొండదొర, కోటియా, పోర్జ, గదబ కుటుంబాలు తమ ఊళ్లలోనే ఉన్నాయి. ఇందుకు కారణం చట్టం. ఏజెన్సీలో గిరిజనుల భూమి చేతులు మారకుండా 1917లోనే ఒక శాసనం వచ్చింది. 1959 నాటి 1వ నంబరు నిబంధన దాన్ని బిగించింది. 1970 సవరణ అసలు పట్టు ఇచ్చింది: షెడ్యూల్డు ప్రాంతంలో గిరిజనేతరుడు మరో గిరిజనేతరుడికి కూడా భూమి అమ్మకూడదంది. కాగితం మీది ఆ మాటకు ప్రాణం పోసింది మాత్రం అనంతగిరి మండలం, బొర్రా పంచాయతీ పరిసరాల గిరిజనులు. అక్కడి కాల్సైట్‌ గనులను ప్రభుత్వం ప్రైవేటు కంపెనీలకు లీజుకిచ్చింది. వారి తరఫున సమత సంస్థ కోర్టుకెక్కింది. హైకోర్టులో ఓడినా వదలలేదు. 1997 జులై 11న సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది: ఈ నిబంధనకు ప్రభుత్వమూ కట్టుబడాల్సిందే, సర్కారు భూమినైనా గిరిజనేతరులకు లీజుకివ్వడం చెల్లదు. దేశంలోని ఆదివాసీ ప్రాంతాలన్నిటా ఇవాళ్టికీ వినిపించే పేరు ఈ సమత తీర్పు. బొర్రా గుహలు చూసి వచ్చేవాళ్లలో ఎందరికి ఈ సంగతి తెలుసు? గుహల దగ్గర ఒక రాతి పలక మీదైనా చెక్కించదగ్గ చరిత్ర ఇది.

పర్యాటకులు కారాపి ఫొటోలు దిగే గాలికొండ కూడా బాక్సైట్‌ కొండే. తవ్వకాల ప్రయత్నాలు ఎన్నోసార్లు జరిగాయి. చింతపల్లి వైపు అటవీ భూమిని తవ్వకాలకు మళ్లిస్తూ 2015లో వచ్చిన జీవో 97ను, జనం తిరగబడ్డాక, 2019లో రద్దు చేశారు.

అరకుకు పేరు తెచ్చిన కాఫీ కూడా బయటి నుంచి వచ్చిందే. 1898లో గోదావరి జిల్లా మన్యంలోని పాములేరు లోయలో తెల్లవాళ్లు వేసిన మొక్క, క్రమంగా ఇటువైపు పాకింది. స్వాతంత్ర్యం తర్వాత అటవీ శాఖ, కాఫీ బోర్డు, పాడేరు ఐటీడీఏ పోడు రైతుల చేత నాటించాయి. కూర్గులోలాగా పెద్ద ఎస్టేట్లు ఇక్కడ లేవు. ఇంటికి ఎకరం, రెండెకరాలు. పైన సిల్వర్‌ ఓక్‌ నీడ, ఆ చెట్టుకు మిరియాల తీగ. మొదట్లో పండూ పచ్చికాయా కలిపి దూసి, వాకిట్లో ఆరబోసి, దళారి చెప్పిన రేటుకే ఇచ్చేవారు. ఎర్రగా పండినవే ఏరి, తొక్క ఒలిపించి, కడిగి ఆరబెడితే ధర ఎంత మారుతుందో తెలిశాక రైతు లెక్క మారింది. గిరిజన సహకార సంస్థ కొనుగోళ్లు, నాంది ఫౌండేషన్‌ చేపట్టిన సేంద్రియ సాగు ఇందులో పెద్ద పాత్ర పోషించాయి. 2017లో పారిస్‌లో అరకు పేరుతోనే కాఫీ దుకాణం తెరిచారు. 2019లో అరకు అరబికాకు భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఆగస్టు 2025లో కాయతొలుచు పురుగు కనబడినప్పుడు మన్యమంతా ఉలిక్కిపడిందంటే, ఆ పంట మీద ఎన్ని ఇళ్లు నిలబడ్డాయో ఊహించుకోవచ్చు.

శుక్రవారం సంతకు వెళ్తే ఇంకో అరకు కనిపిస్తుంది. కొండచీపుర్లు, పిప్పళ్లు, పసుపు, రాజ్‌మా, అడ్డాకులు గంపల్లో మోసుకొచ్చిన ఆడవాళ్లు, బేరమాడే పల్లపు వ్యాపారులు. నూనె కోసం వేసిన వలిసె చేలు శీతాకాలం మొదట్లో పసుపు పూలు పూస్తాయి. ఫొటోలకు జనం చేలో జొరబడి పైరు తొక్కేస్తుంటే, రైతులు మనిషికింతని రుసుం పెట్టారు. పెట్టాల్సిందే.

ఇప్పుడు చట్టాన్ని దొడ్డిదారిన దాటే ప్రయత్నాలు హోటళ్ల రూపంలో వస్తున్నాయి. పట్టా గిరిజనుడిది, పెట్టుబడీ లాభమూ వేరొకరివి. ఇలాంటి బినామీ కట్టడాల మీద ఫిర్యాదులు ఏళ్ల తరబడి ఉన్నాయి. మరోపక్క మాడగడ కొండ మీద, తెల్లవారుజామున మేఘాలు చూడవచ్చేవారికి టీ అమ్మేదీ, థింసా ఆడేదీ స్థానిక గిరిజనులే. గది కట్టుకోవడానికి వాళ్లకు బ్యాంకు అప్పు దొరికితే బినామీ పెట్టుబడి కోసం చూడాల్సిన పని ఉండదు. 2022లో పాడేరు కేంద్రంగా అల్లూరి సీతారామరాజు జిల్లా ఏర్పడ్డాక కలెక్టరు కొండ మీదే ఉన్నారు. ఏ హోటలు నిజంగా ఎవరిదో తేల్చడానికి ఆయన మైదానం దిగాల్సిన పని కూడా లేదు.